చెలిమె దగ్గర ఇచ్చిన మాట

ఆ అక్క పేరు నేనెన్నడూ అడగలేదు. ఆమె కూడా నా పేరు అడగలేదు. నేను అక్కా అంటే ఆమె చెల్లే అనేది, అంతటితో సరిపోయేది. అడవిలో వాగు ఒడ్డున ఏడెనిమిది ఇండ్ల గూడెం వాళ్లది. రెండేళ్లకోసారి మాఘమాసంలో వనదేవతల జాతర వచ్చినప్పుడు గోదావరిఖనిలోని మా క్వార్టర్ల లైనువాళ్లం ఒక లారీ మాట్లాడుకొని పోయి, ఆ అడవిలో నాలుగు రోజులు డేరాలు వేసుకొని ఉండేవాళ్లం.

జాతరకు పోయే మంది అడవిని ఏం చేసి వస్తారో చూసినవాళ్లకు చెప్పనక్కర్లేదు. పొయ్యి కిందికి పచ్చి కొమ్మలు నరుకుతారు, డేరా గుంజలకు వెదురు నరుకుతారు. నీళ్ల ప్యాకెట్లు పంటితో కొరికి తాగి కూర్చున్న చోటే పారేస్తారు. థర్మకోల్ పళ్లాలు గాలికి లేచి తుప్పలకు తట్టుకుంటాయి. కోళ్ల బొచ్చు వాగులోకి పోతుంది. నాలుగో రోజు అమ్మలకు దండం పెట్టి లారీలెక్కుతారు, మళ్లీ అటు తిరిగి చూడరు.

చిన్నప్పుడు మా నాన్నతో కాలినడకన జాతరకు పోయినప్పుడు నేను నేర్చుకున్నది వేరు. నన్ను బడికి పంపకుండా ఇంట్లోనే చదువు చెప్పిన మనిషి ఆయన. పురాణం ఎంత శ్రద్ధగా చదివించేవాడో, పడుకున్న చోటు నుంచి ఎట్లా లేవాలో కూడా అంతే శ్రద్ధగా నేర్పాడు. పొయ్యి రాళ్లు ఎక్కడివక్కడ పెట్టి, బూడిద మీద నీళ్లు చల్లి, మన్ను కప్పి, ఆ నేలకు దండం పెట్టినంకనే మూట నెత్తికెత్తుకునేవాడు. "మనకు జాగ ఇచ్చింది బిడ్డా, చెప్పి పోవాలె" అనేవాడు.

తెలంగాణ కోసం గనులు బందు పెట్టిన సమ్మెకు ముందు వచ్చిన జాతర అది. ఆ ఏడు మా లైనువాళ్లందరితో నేనొక ఒప్పందం చేసుకున్నాను. నెల ముందు నుంచే మోదుగాకులు తెప్పించి విస్తర్లు కుట్టాం. అడవిలో కట్టె కొట్టకుండా ఇంటికో బుట్టెడు బొగ్గు పట్టుకుపోదామన్నాను. బొగ్గుకు మా ఊళ్లో కరువు లేదు కదా. పదకొండు ఇండ్లకు పదకొండు యూరియా సంచులు ఉతికి ఆరేసి, తలుపులకు వేయగా మిగిలిన ఎర్రరంగుతో వాటిమీద నంబర్లు వేశాను. ఎవరి చెత్త వాళ్ల సంచిలో వేయాలి, సంచులన్నీ మళ్లీ మన ఊరికే రావాలి. మా నాన్న పాత పుస్తకాల్లోంచి నాకు తెలుగు అంకెలే నేర్పాడు, ఇప్పటికీ నా చేతికి అవే వస్తాయి. లైనులో అందరికంటే పెద్దదైన మా పక్కింటి వదినె ఆ సంచులు చూసి పడి పడి నవ్వింది.

"గివేం నంబర్లే పిల్లా? జిలేబీలు చుట్టినట్టున్నయి. మా సంచేది?"

"ఏడు, వదినె. ఇగో."

"గిది ఏడా! నాకైతే పాము పడగెత్తినట్టు కొడ్తున్నది."

నవ్వితే నవ్వింది గానీ అందరికంటే ఎక్కువ విస్తర్లు కుట్టింది ఆమే. ఇంత మంచి మనుషుల నడుమ నన్ను ఉంచినందుకు ఆ రోజు దీపం పెట్టేటప్పుడు దేవుడికి చెప్పుకున్నాను.

ఆసారి కొత్తగా చూసుకున్న వాగు ఒడ్డు జాగలో మా మగవాళ్లు తాడిపత్రి పట్టాల డేరాకు గుంజలు పాతుతుంటే, గూడెం నుంచి ఒకామె వచ్చి చేతులు కట్టుకొని నిలబడింది. నేను ఎదురుపోయాను.

"ఈడ వద్దు" అన్నది.

"ఎందుకక్కా? జాగ ఖాళీగనే ఉన్నది గద?"

"జాగ ఖాళీదే. నీళ్లు మేం తాగేటియి."

నన్ను వాగులోకి తీసుకుపోయి చూపించింది. ఇసుకలో మోకాలిలోతు గుంత, చుట్టూ రాళ్లు పేర్చి ఉన్నాయి. అడుగున ఊటనీళ్లు, కన్నీళ్లంత తేటగా ఉన్నాయి. వాళ్ల చెలిమె అది. ఎండాకాలం వాగు పైకి ఎండిపోయినా ఆ చెలిమెలో నీళ్లు ఊరతాయట. గూడెమంతా అవే తాగుతారట.

"పోయిన జాతరల వచ్చినోళ్లు సబ్బునీళ్లు, కోళ్ల పేగులు, ఏది పడితే అది ఈడ్నే ఇడిసి పోయిన్రు. నెల దాక మేం దీని మొఖం సూడలే."

నేను గభాలున అన్నాను, "అక్కా, మేం వచ్చినప్పుడు ఎట్లున్నదో పోయేటప్పుడు గట్లనే ఉంటది. ఎంగిలాకు ముక్క గూడ ఇడిసిపెట్టం. అమ్మ మీద ఆన."

ఆమె నన్ను కిందికీ మీదికీ చూసింది. "నువ్వైతే ఆన పెడ్తున్నవ్ చెల్లే. గింతమంది నీ మాట ఇంటరా?"

"ఇంటరక్కా. మా లైనోళ్లు మంచోళ్లు."

ఆమె సొరకాయ బుర్రతో చెలిమెలోంచి నీళ్లు ముంచి నాకు ఇచ్చింది. తాగాను. ఆ తియ్యదనం నాలుక మీద ఇంకా ఉన్నది.

నాలుగు రోజులూ అందరూ నా మాట విన్నారు. గిన్నెలు బూడిదతో తోమి, ఆ నీళ్లు వాగుకు దూరంగా పోశారు. మగవాళ్లు గడ్డపార భుజానేసుకొని దూరం పోయి, గుంత తీసి కూర్చొని, మన్ను కప్పి వచ్చేవాళ్లు. ఎవరైనా ప్యాకెట్ కింద పడేస్తే నేను కనబడగానే "వచ్చిందమ్మా ఓవర్‌మెనమ్మ, డ్యూటీ ఎక్కింది" అని వేళాకోళం చేస్తూనే తీసి సంచిలో వేసేవాళ్లు. గనిలో పనిమీద అజమాయిషీ చేసేవాడు ఓవర్‌మెన్. ఆ పేరు నాకు కోపం తెప్పించలేదు, లోపల లోపల సంబరంగా కూడా ఉండేది.

తిరుగు ప్రయాణం రోజు పొద్దున్నే ఆడవాళ్లను, పిల్లలను బస్సెక్కించారు. డేరాలు, వంటపాత్రలు సర్దుకొని మగవాళ్లు మధ్యాహ్నం లారీలో వస్తారు. అమ్మలకు మొక్కే బెల్లాన్ని మేం బంగారం అంటాం. పదకొండు ఇండ్ల బంగారం ప్రసాదంగా తిరిగి తేవాలి కాబట్టి, దానికి కాపలాగా వదినె ఒక్కతే లారీలో ఉండిపోయింది. బస్సెక్కేముందు నేను సంచులన్నీ ఒకచోట పేర్చి, మూతులు సుతిలితాడుతో కట్టి, మా ఆయనకు అప్పజెప్పాను.

పొద్దుగూకకముందే లారీ వచ్చింది.

"సంచులేవయ్యా?" అన్నాను.

"మున్సిపాలిటీ డబ్బాలల్ల ఏసొచ్చినం. దార్లనే గద" అన్నాడు ఆయన, చెప్పులు విప్పుతూ.

నేను ఆయన కాళ్లమీద నీళ్లు పోసి దండం పెట్టాను. "అరే, ఏందే గిది" అని ఆయన పక్కకు జరిగాడు. సిగ్గుపడ్డాడనుకున్నాను.

ఆ తరువాత రెండేళ్లు ఈ సంగతి నేను చెప్పని చోటు లేదు. శనివారం భజనలో చెప్పాను. కూరగాయల మార్కెట్టులో చెప్పాను. రామకృష్ణాపూర్ నుంచి మా చుట్టాలు వస్తే వాళ్లకూ చెప్పాను. "మా లైను మొత్తం ఎట్ల పోయిందో గట్లనే వచ్చింది, ఆ గూడెం అక్కకు ఇచ్చిన మాట నిలబెట్టిన్రు" అనేదాన్ని. నేను చెప్తుంటే పక్కన ఉన్న మా లైను ఆడవాళ్లు తలలూపేవాళ్లు. ఒకరు లేచి పొయ్యి దగ్గరికి పోయేవాళ్లు, ఒకరు చీర కుచ్చెళ్లు సర్దుకునేవాళ్లు. వదినె మాత్రం "ఊకోవే, ఎన్నిసార్లు చెప్తవు" అనేది. పొగడ్త గిట్టదేమో అనుకున్నాను.

నడుమ సమ్మె వచ్చింది. గనులన్నీ ఆగిపోయి, జీతం లేక ఇండ్లలో బియ్యం డబ్బాలు అడుగంటితే, వదినె వాళ్ల బియ్యంలోంచి కొలిచి మా ఇంట్లో పోసింది. ఎవ్వరూ పనికి పోమని ఒక్కమాట అనుకున్నారు, దానిమీదే నిలబడ్డారు. వీళ్లు మాటంటే మాటే అని ఆ రోజుల్లో నేను ఇంకా గట్టిగా నమ్మాను. ఇప్పుడు తలుచుకుంటే మనసు రెండుగా చీలేది అక్కడే. ఆ బియ్యం నిజం. నా దగ్గర వాళ్లు నోరు మూసుకోవడమూ నిజమే.

సమ్మె దాటినంక మళ్లీ జాతర వచ్చింది. ఈసారి అక్క కోసం ఒక నేతచీర కొన్నాను. లారీ దిగి, డేరాల పని మొదలు కాకముందే, చీర చంకన పెట్టుకొని వాగులోకి పోయాను. చెలిమె చుట్టూ పేర్చిన రాళ్లు ఉన్నాయి గానీ గుంత పూడిపోయి ఉన్నది. అక్క రోడ్డు వైపు నుంచి బిందె నెత్తిన పెట్టుకొని వస్తున్నది.

"అక్కా, బాగున్నవా? నీళ్లు గంత దూరం నుంచి తెస్తున్నవేంది?"

ఆమె బిందె దించలేదు. "రోడ్డుకాడి బోరింగుకాడికెళ్లి తెస్తున్నమమ్మా."

అమ్మా అన్నది, చెల్లే అనలేదు.

"చెలిమె ఏమైందక్కా?"

"మీరు పోయిన ఎండకాలంల వాసన పట్టింది. ముంచితే మురుగు. పిలగాండ్లకు వాంతులు మొదలైనంక ఇడిసిపెట్టినం. వానలు పడి వాగొచ్చి ఒడ్డు కోసుకపోయినంక తెలిసింది, ఎగువకు మూలమలుపు కాడ ఇసుకల చెత్తంత పాతిపెట్టిన్రని."

"అయ్యో, ఎవరక్కా గంత పాపం చేసింది?"

ఆమె నా మొఖంలోకే చూసింది.

"మేం కాదక్కా. మావి మేం సంచులల్ల కట్టుకొని మా ఊరికి పట్టుకపోయినం. అమ్మ తోడు, మావి కావు" అన్నాను. రెండోసారి ఆన పెట్టాను. మొదటిసారి ఎంత ధైర్యంగా పెట్టానో అంతే ధైర్యంగా పెట్టాను.

అక్క బిందెతోనే ఇంటికి పోయి, చూరులోంచి ఒక గుడ్డపేలిక లాంటిది తీసుకొచ్చింది. చినిగిన యూరియా సంచి ముక్క. దానిమీద ఎర్రరంగు వెలిసిపోయినా అంకె తెలుస్తూనే ఉన్నది. ౭. నా చేతిరాత. మా ఊళ్లో కాదు, ఈ చుట్టుపక్కల ఏ గని కాలనీలోనూ ఏడు అంకెను అట్లా రాసేది నేనొక్కదాన్నే.

"నాకు సదువు రాదు. గానీ ఈ గీత మీ సంచుల మీద సూసిన" అన్నది అక్క.

చీర ఇస్తే తీసుకోలేదు. సంచి ముక్క పట్టుకొని డేరాల దగ్గరికి వచ్చాను. మా ఆయన గుంజ పాతుతున్నాడు. ఆ సంచి ముక్కను ఆయన ముందు ఇసుకలో పెట్టాను. ఆయన చూసి, గడ్డపార పక్కన పెట్టి, మెడలో తువ్వాలు తీసి మొఖం తుడుచుకున్నాడు.

"ఎక్కడ పాతిన్రు?" అన్నాను.

"మలుపు కాడ." తువ్వాలు మళ్లీ మెడలో వేసుకొని చెప్పాడు, "మనిషి లోతు గుంత తీసినం. సంచులు వరసగ పేర్చి, ఇసుక నింపి, నీళ్లు కొట్టి, తొక్కి దిమ్మిస చేసినం. గనిల ఎట్ల నింపుతమో గట్లనే. పైన చూస్తే గుంత తీసినట్టే లేకుండె."

గనిలో ఆయన పని అదే. బొగ్గు తీసినంక మిగిలిన ఖాళీలోకి గోదావరి ఇసుకను నీళ్లతో కలిపి గొట్టాల ద్వారా పంపి నింపుతారు, పైన ఊరు కుంగకుండా. ఖాళీని ఇసుకతో పూడిస్తే పని అయిపోయినట్టే అని ముప్పై ఏండ్లుగా ఆ చేతులకు అలవాటు. కిందనుంచి ఆ ఇసుకలోంచే నీళ్లు పారుతాయని, ఆ నీళ్లు ఎవరో ముంచుకొని తాగుతారని ఆ చేతులకు తోచలేదు. అంతవరకు నేను అర్థం చేసుకోగలను.

"మరి డబ్బాలల్ల ఏసినమని నాతోని ఎందుకన్నవు?"

వెనకనుంచి వదినె అందుకున్నది.

"నేనే వద్దన్న పిల్లా, ఆయన్నెందుకు అంటవు? అమ్మ బంగారం పెట్టిన లారీల ఎంగిలాకులు, కోళ్ల పేగులు పెడ్తరా ఎవరన్న? పూజలు పునస్కారాలు చేసేదానివి, నీకు చెప్పాల్నా?"

"నాకు చెప్తే బంగారాన్ని డ్రైవరు పక్కన పెట్టించి, సంచులకాడ నేను కూసుందును గద వదినె!"

"గందుకే చెప్పలే. చెప్తే లారీ కదలనిస్తువా? చీకటి పడేదాక వాదిస్తువు."

ఎవరో కిసుక్కున నవ్వి ఆపుకున్నారు. నేను అందరి మొఖాలు చూశాను. పదకొండు ఇండ్లవాళ్లూ ఉన్నారు అక్కడ. ఒక్కరి మొఖంలో కూడా ఆశ్చర్యం లేదు.

"అందరికి ఎరుకనేనా?" అన్నాను.

"తెల్లారే ఎరుకైంది" అన్నది ఒక చెల్లె, చంకలో బిడ్డను సర్దుకుంటూ. "నువ్వు గంత సంబరపడుతుంటే ఎట్ల చెప్పాలక్కా?"

రెండేళ్లు. శనివారం శనివారం నేను కండ్లు మూసుకొని కృతజ్ఞతలు చెప్తుంటే చుట్టూ కూర్చొని తాళం వేసినవాళ్లు వీళ్లు. నేను లేనప్పుడు నా గురించి ఏమనుకొని ఉంటారో అప్పుడు ఊహించుకున్నాను. ఎంత ఊహించుకున్నా వాళ్లమీద కంటే ఆయన మీదే నొప్పి ఎక్కువ కలిగింది. కాళ్లమీద నీళ్లు పోసి దండం పెట్టినప్పుడు ఆయన పక్కకు జరిగాడు. అది సిగ్గు కాదని అప్పుడు అర్థమైంది. అప్పుడైనా ఒక్కమాట చెప్పొచ్చు. తెల్లారి చెప్పొచ్చు. ఎండాకాలం రాకముందు చెప్పి ఉంటే చెలిమె దక్కేది.

ఆ మధ్యాహ్నం అమ్మను అడవి నుంచి తెచ్చి గద్దె మీద నిలుపుతారు. అందరూ తానాలు చేసి బంగారం సర్దుకుంటున్నారు. నేను గడ్డపార, తట్ట తీసుకొని మలుపు వైపు నడిచాను.

"అమ్మ గద్దెనెక్కే యాళ్లకు ఇసుక తవ్వుకుంట కూసుంటవా?" అన్నది వదినె. ఈసారి ఆమె గొంతులో వేళాకోళం లేదు, భయం ఉన్నది. "మొక్కు తప్పుతవే!"

"అమ్మ మీదనే ఆన పెట్టిన వదినె, రెండుసార్లు. ఏ మొఖం పెట్టుకొని ఎదురుంగ నిలవడాలె?"

ఎంతసేపు తవ్వానో. ఇసుక తీసినకొద్దీ పక్కనుంచి జారి పడేది. కొంతసేపటికి మా ఆయన వచ్చి, నేను తవ్వుతున్న చోటుకు రెండు బారల పక్కన గడ్డపార వేశాడు. చోటు ఆయనకే తెలుసు కదా. నేను పోయి ఆయన తీసిన ఇసుక ఎత్తిపోశాను. ఇద్దరం మాట్లాడుకోలేదు. దూరంగా డప్పుల చప్పుడు, జనం కేక వినిపించాయి. అమ్మ గద్దెకు చేరింది. నేను ఇసుకలోనే మోకాళ్లమీద ఉండి దండం పెట్టాను.

ఆరు సంచులు దొరికాయి. విస్తర్లు కుళ్లి నల్లటి బురదయ్యాయి, నూనె ప్యాకెట్లు, నీళ్ల ప్యాకెట్లు మాత్రం నిన్న పారేసినట్టే ఉన్నాయి. మిగతా ఐదు సంచులు వాగు పట్టుకుపోయింది. దిగువకు నడుచుకుంటూ పోయి, చెట్ల వేర్లకు చుట్టుకున్న ప్లాస్టిక్ ఎంత చేతికందితే అంత ఏరాను. అక్క ఒడ్డు మీద కూర్చొని చూస్తూనే ఉన్నది. సాయం రాలేదు, వద్దనలేదు. ఎందుకు రావాలి?

తిరుగు ప్రయాణంలో నేను లారీలో ఆ సంచుల పక్కన కూర్చున్నాను. వదినె బంగారం గంపతో బస్సెక్కింది. లైనులో మళ్లీ మాటలు కలవడానికి చాలా రోజులు పట్టింది. కలిశాయి. మనుషులం కదా, గోడలు కలిసిన ఇండ్లు. కానీ నేను భజనలో లేచి ఎవరికీ కృతజ్ఞతలు చెప్పడం మానేశాను. దేవుడికి ఒక్కడికే చెప్పుకుంటాను.

రాష్ట్రం వచ్చిన ఏడు, అది రావడానికి కొన్ని నెలల ముందు, మళ్లీ జాతర జరిగింది. మా లైనువాళ్లు రోడ్డుపక్క బోరింగు దగ్గర డేరాలు వేశారు. నేను గూడేనికి పోయి వస్తానంటే మా ఆయన వెంట వచ్చాడు గానీ, వాగు దగ్గరే ఆగిపోయాడు.

మలుపుకు ఇంకా ఎగువన అక్క కొత్త చెలిమె తీసింది. దానిచుట్టూ నడుమెత్తు ముళ్లకంప కట్టి ఉన్నది. ఆ కంప పశువుల కోసం కాదు. నాలాంటివాళ్ల కోసమే. నేను ఇవతలే నిలబడ్డాను.

"నీళ్లు మంచిగున్నయా అక్కా?"

"మంచిగనే ఉన్నయి." కంప మీదుగా బుర్ర అందించింది. తాగాను. తర్వాత ఆమె వాగు వైపు చూసి, "ఆడ నిలవడ్డదెవరు?" అన్నది.

"మా ఆయన."

"గుంత తవ్వినాయననా?"

"ఆయననే అక్కా."

ఆమె బుర్ర తీసుకొని మళ్లీ ముంచి నా చేతికిచ్చింది. "ఎండల వచ్చిండు, ఇయ్యి" అన్నది. చెల్లే అన్న పిలుపు మాత్రం రాలేదు.

తొణక్కుండా తీసుకుపోయి ఆయనకు ఇచ్చాను. ఆయన బుర్ర రెండు చేతుల్లో పట్టుకొని, గూడెం వైపు ఒకసారి తల వంచి, కండ్లు మూసుకొని తాగాడు. నీళ్లు గదవ మీదినుంచి కారి అంగీ తడిసింది. ఆ నీళ్లు పంపిన ఆమెకు ఆయన మీద జాలి కలిగింది. ముప్పై ఏండ్లు ఆయనతో బతికిన నాకు కలగలేదు. కలుగుతుందేమోనని ఎదురుచూస్తూ అక్కడే నిలబడ్డాను.